తితీర్షువు: మరుగున పడిన ఒక మాట



స్వామి దర్శనము చేసికొని వెలుపలికి వచ్చినవారు "తరించితిమి" అందురు. తరించుట యనగా దాటుట. ఏమి దాటితిమి, దాటవలెనని ఎన్నడు కోరితిమి అని ఆ మాట పలికినవారిలో ఎందరు తలచుకొందురో! దాటవలెనను ఆ కోరిక గలవానికి సంస్కృతమున ఒక పేరు కలదు. పురాణ కాలక్షేపములందును నేడు అరుదుగా వినవచ్చు ఆ పేరు 'తితీర్షువు'.

దీనికి మూలము 'తౄ' అను ధాతువు. తేలుట, దాటుట అని ధాతుపాఠము దానికి అర్థము చెప్పినది. కోరికను తెలుపు 'సన్' ప్రత్యయము చేరినపుడు ధాతువు మొదటి అక్షరము రెండు మారులు వచ్చును. త్రాగగోరుట పిపాస, ఎరుగగోరువాడు జిజ్ఞాసువు, విడివడగోరువాడు ముముక్షువు. ఆ వరుసలోనివాడే దాటగోరు తితీర్షువు. ముముక్షువు మన నోట నిలిచినాడు, తితీర్షువు నిలువలేదు. ఇది చిన్న నష్టము కాదు. ముముక్షువు చూపు తన్ను బంధించిన కట్టుపై నుండును. తితీర్షువు చూపు ఆవలి యొడ్డుపై నుండును.

కఠోపనిషత్తు మొదటి అధ్యాయము మూడవ వల్లిలో ఈ ధాతురూపము కనిపించును. భయము లేని ఆవలి యొడ్డునకు దాటగోరువారిని పేర్కొన్న ఆ మంత్రముననే, యజ్ఞము చేయువారికి నాచికేతాగ్ని సేతువని చెప్పబడినది. రఘువంశారంభమున కాళిదాసు తన్నే తితీర్షువుగా చెప్పుకొనినాడు. చిన్న తెప్పపై సముద్రమును దాటబూనినవానితో పోల్చుకొనినాడు. అంతటివాడే తన తెప్ప చిన్నదనినాడు! ఆ కావ్యమునకు సంజీవనీ వ్యాఖ్య వ్రాసిన మల్లినాథసూరి మన తెలుగువాడే. మెదకు సీమలోని కొల్చారము ఆయన యూరని పండితులు చెప్పుదురు.

'తీర్థము' కూడ ఈ ధాతువునకే పుట్టినది. నేడు తీర్థమనగా అర్చకుడు చేతిలో పోయు తులసినీరు, లేదా యాత్ర. పూర్వము రేవు, లోతు తగ్గి మనిషి నడచి దాటగల చోటు. కనుక మునిగి లేచి వచ్చిన యొడ్డునకే మరలుట తీర్థసేవలో సగమేనని నా తలంపు. జనులు 'తరుణోపాయ'మని పలుకునది నిజమునకు 'తరణోపాయము', అనగా దాటు ఉపాయము. తరుణముతో దానికి పని లేదు.

అమరకోశము తీర్థ శబ్దమునకు గురువు అను అర్థమును కూడ ఇచ్చినది. ఒకే గురువునొద్ద చదివినవారిని సతీర్థ్యులనుట అందువలననే. వారు ఒకే రేవున దిగినవారు.