నవ్వుల పటం గీసిన నటుడు – కెన్ డాడ్

భరతముని నాట్యశాస్త్రంలో హాస్యాన్ని ఆరు విధాలుగా విభజించాడు: స్మితం, హసితం, విహసితం, ఉపహసితం, అపహసితం, అతిహసితం. మొదటి రెండూ ఉత్తమప్రకృతులకు, నడిమి రెండూ మధ్యములకు, చివరి రెండూ అధములకు. పలువరుస కనబడకుండా నవ్వేది స్మితం. కంట నీరు కారగా, డొక్కలు పట్టుకొని నవ్వేది అతిహసితం. భాషాప్రవీణ చదివే రోజుల్లో ఈ విభాగాన్ని కంఠస్థం చేశాను. ఉపాధ్యాయవృత్తిలో ఉన్నంతకాలం ఏ పిల్లవాడైనా తరగతిలో పగలబడి నవ్వితే, "ఒరే, అది అధమహాస్యంరా" అని మందలించడం నాకు అలవాటుగా ఉండేది.

ఆ పళ్ళు కనబడే నవ్వును గురించే ఈ టపా.

2019 వేసవిలో ఇంగ్లండులో ఉన్న మా అమ్మాయి వద్దకు వెళ్ళినప్పుడు, ఒకనాడు లివర్‌పూల్ చూడబోయాము. అక్కడి లైమ్ స్ట్రీట్ రైల్వేస్టేషనులో ఒక కంచు విగ్రహం ఉంది. చెదిరిన జుట్టు, ముందుకు పొడుచుకు వచ్చిన పళ్ళు, చేతిలో ఈకల కుచ్చువంటి వింత ఆయుధం. రాజు కాడు, సేనాని కాడు. ఎవరని అడిగితే అల్లుడు చెప్పాడు: "కెన్ డాడ్ అని, జోకులు చెప్పేవాడండీ మామయ్యగారూ." జోకులు చెప్పేవాడికి కంచు విగ్రహమా అని ఆశ్చర్యపోయాను. ఆ ఆశ్చర్యం తీర్చుకోవడానికి ఇంటికి వచ్చాక చదివినదీ, చూసినదీ మీతో పంచుకొంటున్నాను.

కెన్ డాడ్ 1927 నవంబరు 8న లివర్‌పూల్ శివారులోని నాటీ ఆష్ అనే పేటలో పుట్టాడు. తండ్రి బొగ్గుల వ్యాపారి. చిన్నతనంలో సైకిలు మీదనుంచి పడడం వల్ల ముందుపళ్ళు అలా అయినాయి. మరొకరైతే జీవితాంతం పెదవులు బిగించుకొని బతికేవారు. ఇతడు వాటినే తన ముద్రగా చేసుకొన్నాడు. బాల్యంలో ఒక పిల్లల పత్రికలో ప్రకటన చూశాడట. ఆరు పెన్నీలు పంపితే, పెదవి కదపకుండా బొమ్మచేత మాట్లాడించే వెంట్రిలాక్విజం విద్యను నేర్పే పుస్తకం పంపిస్తామనీ, దానితో మీ పంతుళ్ళను బురిడీ కొట్టించవచ్చుననీ అందులో ఊరింపు. తల్లిదండ్రులు కోప్పడకపోగా, కొడుక్కి మాట్లాడే బొమ్మను కొనిచ్చారు. పద్నాలుగేళ్ళకు చదువు మాని బొగ్గుల పనిలోకి దిగినా ఆ బొమ్మను వదలలేదు.

1954 సెప్టెంబరులో నాటింగ్‌హామ్ ఎంపైర్ రంగశాలలో వృత్తినటుడిగా తొలిసారి వేదిక ఎక్కాడు. ఆనాటి బ్రిటనులో 'వెరైటీ' అనే ప్రదర్శనపద్ధతి ఉండేది. ఒకే సాయంత్రం గాయకులు, గారడీవారు, నర్తకులు, హాస్యగాళ్ళు వరుసగా వచ్చి, తలా కొన్ని నిమిషాలు ప్రేక్షకులను రంజింపజేసి వెళ్ళేవారు. చాలాచోట్ల రోజుకు రెండు ఆటలు. పందొమ్మిదో శతాబ్దపు మ్యూజిక్ హాళ్ళ వారసత్వమది. డాడ్ అడుగుపెట్టేనాటికే టెలివిజను ఇళ్ళలోకి వస్తున్నది, ఆ రంగశాలలు ఒకటొకటిగా మూతపడుతున్నవి. దీపం కొడిగట్టే వేళ వచ్చినవాడు, ఆ దీపాన్ని మరి అరవైమూడేళ్ళు చేత్తో పట్టుకొని తిరిగాడు.

అతడు చేతబట్టిన ఈకల కుచ్చుకు 'టిక్లింగ్ స్టిక్' అని పేరు. మనం చక్కిలిగింతల కర్ర అనుకోవచ్చు. తన పేట పేరుతోనే ఒక కల్పితలోకాన్ని సృష్టించి, అక్కడ 'డిడ్డీమెన్' అనే మరుగుజ్జులు జామ్ బట్టీల గనుల్లో పనిచేస్తున్నట్లు కథలు చెప్పేవాడు. జామ్ బట్టీ అంటే జామ్ పూసిన రొట్టె. దానికి గని ఏమిటని అడగరాదు! 1965లో లండన్ పల్లాడియంలో అతడి ప్రదర్శన 42 వారాలు నడిచింది. అదే ఏడాది అతడు పాడిన 'టియర్స్' అనే పాట బ్రిటనులో ఆ సంవత్సరపు అన్ని రికార్డులకన్నా ఎక్కువగా అమ్ముడుపోయింది. లివర్‌పూల్‌వారే అయిన బీటిల్స్ ప్రభ వెలిగిపోతున్న రోజులవి. టియర్స్ అంటే కన్నీళ్ళు. నవ్వించడమే వృత్తిగా గలవాడికి అంతటి విజయం తెచ్చింది కన్నీళ్ళ పాట కావడం చిత్రమే.

అయితే నన్ను కట్టిపడవేసినవి ఈ విజయాలు కావు, అతడి నోటుపుస్తకాలు. ప్రదర్శన ముగిసిన తరువాత, ఏ ఊరిలో ఏ హాస్యోక్తి పండిందో, ఏది ఎండిందో రాసిపెట్టుకొనేవాడు. దేశమంతటికీ ఒక 'నవ్వుల పటం' తయారుచేసుకొన్నాడు. ఒకచోట గొల్లుమనిపించిన మాట మరొకచోట గోడకు కొట్టిన సున్నంలా ఎందుకు ఉండిపోతుంది? ఇదే అతడి ప్రశ్న. హాస్యంపై తత్త్వవేత్తలు రాసిన గ్రంథాలు సేకరించి చదివాడు. నవ్వును గురించి సిద్ధాంతం చెప్పిన ఫ్రాయిడ్, శనివారం రాత్రి గ్లాస్గో ఎంపైర్‌లో రెండో ఆట ఆడి ఉండలేదనేదే అతడి చమత్కారపూర్వకమైన ఆక్షేపణ. ఇంగ్లండు హాస్యగాళ్ళకు శ్మశానమని పేరుపడిన రంగశాల అది.

ఆ మాటలో నాకు మన రససిద్ధాంతం వినిపించింది. రసాస్వాదం సహృదయుడిలో జరుగుతుందని మన ఆలంకారికులు చెప్పారు. దాన్ని నేను పరీక్షల కోసం చదువుకొన్నాను. ఇతడు ఊరూరా తిరిగి, ప్రతి రాత్రీ పరీక్షకు నిలబడి నేర్చుకొన్నాడు. ఒకే పాఠం తొమ్మిదో తరగతి 'ఎ' సెక్షనులో పండి, 'బి' సెక్షనులో ఎండిపోవడం నేనూ ఎన్నోసార్లు ఎరుగుదును. లోపం పిల్లలదేనని అనుకొన్నానే గాని, ఒక్కనాడైనా పుస్తకం తీసి రాసుకోలేదు.

లోతు లేని విదూషకుడని అతణ్ణి అనలేము. 1971లో లివర్‌పూల్ ప్లేహౌస్‌లో షేక్‌స్పియర్ 'ట్వెల్త్ నైట్'లోని మల్వోలియో పాత్ర ధరించాడు. 1996లో వచ్చిన కెన్నెత్ బ్రానా 'హామ్లెట్' చిత్రంలో, నాటకంలో పుర్రెగా మాత్రమే కనబడే విదూషకుడు యోరిక్‌ను పాత జ్ఞాపకంగా సజీవంగా చూపారు. ఆ యోరిక్ డాడే. సమాధి తవ్వేవాడు పైకి తీసిన పుర్రెకు ఆ పళ్ళే ఉంటాయి! చూచినప్పుడు నవ్వు వచ్చింది, వెంటనే ఆగిపోయింది.

అతడి జీవితంలో చేదు అధ్యాయమూ ఉంది. పన్నుల విషయంలో అభియోగాలు ఎదుర్కొని 1989లో లివర్‌పూల్ న్యాయస్థానంలో నిలబడవలసి వచ్చింది. ఇంట్లో 3,36,000 పౌండ్ల నగదు దాచి ఉంచాడన్న సంగతి ఆ విచారణలో లోకానికి తెలిసింది. చివరకు జ్యూరీ అన్ని అభియోగాలనుంచీ విముక్తుణ్ణి చేసింది. తలదించుకోవలసిన ఆ సంగతినే అతడు వేదికపై జోకుగా మార్చాడు. ఆదాయపు పన్ను మొదలైననాడు పౌండుకు రెండు పెన్నీలేననీ, ఇప్పటికీ అంతే అనుకొన్నాననీ చెప్పేవాడు. పళ్ళ విషయంలో చేసినదే ఇక్కడా చేశాడు.

ప్రదర్శన మొదలుపెడితే అర్ధరాత్రి దాటినా ఆపేవాడు కాడు. మన హరికథకులు గుర్తుకు రాలేదూ? 2017లో సర్ బిరుదు వచ్చింది. ఆ ఏడాది డిసెంబరు 28న, తొంభయ్యేళ్ళ వయసులో, లివర్‌పూల్‌లోనే కడపటి ప్రదర్శన ఇచ్చాడు. 2018 మార్చి 9న, దశాబ్దాల సహచరి ఆన్ జోన్స్‌ను వివాహమాడాడు. రెండు రోజులకు, మార్చి 11న, తాను పుట్టిన ఇంట్లోనే కన్నుమూశాడు. అంత్యక్రియల నాడు జనం వీధుల వెంట చక్కిలిగింతల కర్రలు పట్టుకొని నిలబడ్డారు.

ఇదంతా చదివిన రాత్రి నాకొక పిల్లవాడు జ్ఞాపకం వచ్చాడు. నేను తరగతిలోకి వచ్చే లోపల, నా కండువా సర్దుకొనే తీరునూ, పద్యం ఎత్తుకొనేముందు గొంతు సవరించుకొనే తీరునూ అచ్చంగా అభినయించి తరగతినంతా నవ్విస్తున్నాడు. గుమ్మంలో నిలబడి చూశాను. నిజం చెప్పవలెనంటే, యతిస్థానం దగ్గర నేను ఆగే విధం నాకన్నా వాడికే బాగా తెలుసు. పీరియడు అయ్యేదాకా వాణ్ణి బెంచీ ఎక్కించాను. ఆపైన వాడు తరగతిలో ఎన్నడూ అల్లరి చేయలేదు. అప్పట్లో దాన్ని నా క్రమశిక్షణ సాధించిన విజయంగా లెక్కవేసుకొన్నాను.

ఆ బొగ్గుల వ్యాపారి కొడుక్కి బొమ్మను కొనిచ్చాడు. నేను బెంచీ చూపించాను.

వాడిప్పుడు ఎక్కడున్నాడో తెలియదు. చదువరులలో ఎవరికైనా తమ పంతులుగారిని అనుకరించిన సహాధ్యాయి ఉంటే వాడి సంగతి రాయండి. పళ్ళు కనబడేలా నవ్వడానికి నాకిప్పుడు అభ్యంతరం లేదు.