పాస్టరు గారి అబ్బాయి ఆడిన ఆట



పోయిన నెల ఒక ఆదివారం ఆరాధన ముగిశాక మన సంఘంలో ఒక సహోదరుడు అందరూ వెళ్లేదాకా ఆగి మా దగ్గరికి వచ్చాడు. "అయ్యగారూ, మావాడికి బంతి పిచ్చి పట్టింది. ఇంటర్ చదవాల్సినోడు, పొద్దస్తమానం కాలితో తన్నుడే. వాడి మనసు మారాలని ప్రార్థన చేయండి" అన్నాడు. కల్లూరు చుట్టుపక్కల వాలీబాల్, కబడ్డీ, క్రికెట్ ఎరుగుదుం గానీ ఫుట్‌బాల్ పిచ్చి అరుదు. ప్రార్థన చేశాం. చేస్తున్నంతసేపూ లోపల ఏదో గుచ్చుకుంటూనే ఉంది. ఎందుకంటే ఆ పిల్లవాడి బంతి మా దగ్గరే ఉంది. అంతకు రెండు వారాల ముందు ఆరాధన వేళకు మందిరం వెనక ఆడుతున్నారని పిల్లలను కేకలేసి, బంతి లాక్కుని, పాటల పుస్తకాలు పెట్టుకునే బీరువాలో వేసి తాళం పెట్టింది మేమే.

ఆ రాత్రి మాకు గుర్తొచ్చిన మనిషి డాక్టర్ తాలిమెరెన్ ఆవో. స్వతంత్ర భారతదేశం తరఫున ఒలింపిక్స్‌లో ఆడిన మొదటి ఫుట్‌బాల్ జట్టుకు కెప్టెన్. ఆయన కూడా ఒక పాస్టరు గారి కొడుకే.

నాగా కొండలు మనకు చాలా దూరం. అయినా అక్కడి సంఘానికీ మన తెలుగు సంఘాలకూ ఒక చుట్టరికం ఉంది. 1840లో నెల్లూరులో పని మొదలుపెట్టి, తర్వాత ఒంగోలులో క్లౌ దొరగారి కాలంలో వేలమందికి బాప్తిస్మమిచ్చిన అమెరికన్ బాప్టిస్టు మిషనే నాగా కొండలకూ వెళ్లింది. అక్కడ ముందుగా కొండ ఎక్కింది దొర కాదు, గోధులా అనే అస్సామీ సువార్తికుడు. ఆయన వెనక క్లార్క్ దొర. 1872లో ఆవో తెగవాళ్లలో మొదటి విశ్వాసులు బాప్తిస్మం పొందారు. 1894లో ఇంపూర్ అనే చోట మిషను కాంపౌండు వెలిసింది. ఆ ఇంపూర్‌లో సేవ చేసిన రెవరెండు సుబోంగ్‌వతి గారి కొడుకే తాలిమెరెన్. 1918లో చాంగ్‌కీ అనే ఊళ్లో పుట్టాడు. మిషను కాంపౌండులో గుడ్డపేలికలు చుట్టిన బంతితో ఆడుతూ పెరిగాడు. ఆ పేలికల బంతిని ఏ పాస్టరు గారూ బీరువాలో పెట్టి తాళం వేయలేదు కాబోలు.

1935లో తండ్రి టైఫాయిడ్‌తో చనిపోయాడు. పోయేముందు కొడుకును కోరింది ఒక్కటే: నువ్వు డాక్టరువై మన జనానికి సేవ చెయ్యి అని. అప్పటికి ఆ అబ్బాయి వయసు 17 ఏళ్లు. ఇప్పుడు మన పిల్లలు ఇంటర్ చదివే వయసు అదే.

ఇక్కడ కాస్త ఆగి లెక్క చూడండి ప్రియులారా. తండ్రి పోయింది 1935లో. జోర్హాట్ మిషను బడి, గౌహతి కాటన్ కాలేజీ దాటి, కలకత్తాలో కార్మైకేల్ మెడికల్ కాలేజీలో సీటు దొరికింది 1942లో. చేతికి ఎం.బి.బి.ఎస్. పట్టా వచ్చింది 1950లో. అంటే తండ్రి మాట నెరవేరడానికి 15 ఏళ్లు పట్టింది. పట్టా పుచ్చుకునేనాటికి ఆయనకు 32 ఏళ్లు. ఆయన ఆట గొప్పగా సాగిన కాలం చాలావరకు ఈ 15 ఏళ్లలోనే ఉంది. 1943లో మోహన్ బగాన్ క్లబ్బులో చేరాడు. కొద్దికాలానికే ఆ క్లబ్బుకు కెప్టెన్ అయ్యాడు. మధ్య వరసలో నిలబడి ఎదుటివాళ్ల దాడిని విరగ్గొట్టడం ఆయన పని. మోహన్ బగాన్ అంటే చిన్న క్లబ్బు కాదు. 1911లో బూట్లు తొడిగిన ఇంగ్లీషు సైనికుల జట్టును ఓడించి షీల్డు గెలిచిన క్లబ్బు. ఆ రోజుల్లో కలకత్తా ఆటగాళ్లకు ఇప్పటిలా కోట్ల కాంట్రాక్టులు లేవు. పేరు మాత్రం సినిమావాళ్లకున్నంత ఉండేది. ఆ పేరు మధ్య కూర్చుని ఎముకల పేర్లు, మందుల పేర్లు బట్టీ పట్టాడాయన. 1944లో జపాను సైన్యం ఆయన సొంత కొండల మీదికి వచ్చి కోహిమాలో ఘోరయుద్ధం జరిగింది. అప్పుడు ఆయన కలకత్తాలో విద్యార్థి.

1948లో లండన్ ఒలింపిక్స్. మనకు స్వాతంత్ర్యం వచ్చి ఇంకా ఏడాది నిండలేదు. జూలై 29న వెంబ్లీ మైదానంలో మన దేశం జెండా పట్టుకుని ముందు నడిచింది ఈ నాగా పాస్టరు గారి కొడుకే. రెండు రోజుల తర్వాత ఇల్‌ఫర్డ్‌లో ఫ్రాన్సుతో ఆట. మన జట్టులో ఎక్కువమంది బూట్లు లేకుండానే దిగారు. బూట్లెందుకు వేసుకోరని విలేకరులు అడిగితే, మాది ఫుట్‌బాల్, మీది బూట్‌బాల్ అని ఆయన నవ్వుతూ అన్నాడంటారు. రామన్ గోలు కొట్టి లెక్క సమం చేశాడు. రెండు పెనాల్టీలు చేజారాయి. చివరి నిమిషాల్లో ఫ్రాన్సు ఇంకో గోలు వేసి 2-1తో గెలిచింది. మన జట్టు అక్కడితో ఇంటిదారి పట్టింది, కానీ ఇంగ్లీషు జనం లేచి చప్పట్లు కొట్టారు. ఆర్సెనల్ క్లబ్బు ఆయనను ఆడటానికి పిలిచిందని ఆయన కథ చెప్పేవాళ్లంతా చెబుతారు. ఆయన మాత్రం కలకత్తాకే వచ్చాడు. రెండేళ్లలో పరీక్షలు ముగించాడు.

1953లో కోహిమా ఆసుపత్రిలో అసిస్టెంట్ సివిల్ సర్జన్‌గా చేరాడు. ఆ తర్వాత ఆ కొండల్లో తుపాకుల చప్పుడు ఎన్నేళ్లు ఆగలేదో మీరు పేపర్లలో చదివే ఉంటారు. 1963లో నాగాలాండ్ రాష్ట్రమైంది. ఆయన అక్కడి వైద్యశాఖకు డైరెక్టరు దాకా ఎదిగి 1978లో రిటైరయ్యాడు, 1998లో కన్నుమూశాడు. 2018లో ఆయన బొమ్మతో తపాలా బిళ్ల వచ్చింది.

ఆయన విశ్వాసం గురించి ఎవరైనా అడిగితే మేము ఆయన మాటల్లో వెతకం. లండన్ చూసినవాడు, కలకత్తా మెచ్చినవాడు, రోగులుండే కొండకే తిరిగి వెళ్లాడు. అది చాలు మాకు. మన గోదావరి ఒడ్డున దుమ్ముగూడెంలో కోయల మధ్య సువార్త మొదలైందీ గోదావరి పనులకు వచ్చిన ఇంజనీరు హేగ్ దొర వల్లే కదా. ఆయన చేతికింద ఉద్యోగం చేసిన వెంకటరామరాజు గారు ఆ ఉద్యోగం వదిలి కోయల దగ్గరికి వెళ్లారు. ఒకరు ఉద్యోగంలో ఉండి పని చేశారు, ఒకరు మానుకుని చేశారు. తాలిమెరెన్ గారు ఆటను ఎప్పుడు పట్టుకోవాలో, ఎప్పుడు దించాలో రెండూ ఎరిగారు. ఆయన తండ్రి కొడుక్కి ఏమి కావాలో చెప్పాడు. ఏది మానాలో చెప్పినట్టు మేమెక్కడా చదవలేదు. మేము ఈ మాట దగ్గర చాలాసేపు ఆగిపోయాం. మా ప్రార్థనల్లో సగం "మానిపించు ప్రభువా" అనేవే.

తర్వాతి ఆదివారం ఆ సహోదరుడికి ఈ సంగతంతా చెప్పాం. ఆయన అంత తేలికగా ఒప్పుకోలేదు. "ఆయనకు డాక్టరు సీటు వచ్చింది అయ్యగారూ, మావాడికి పోయినసారి లెక్కల్లో తప్పింది" అన్నాడు. నిజమే. మేమూ కాదనలేదు. హైదరాబాదు రహీం సాబు తీర్చిన జట్టు 1962లో జకార్తాలో బంగారు పతకం తెచ్చిందనీ, అందులో సికింద్రాబాదు బలరాం, హైదరాబాదు సంస్థానంలో పుట్టిన గోల్‌కీపర్ పీటర్ తంగరాజ్ ఉన్నారనీ చెప్పబోయాం. ఆయన వినే స్థితిలో లేడు. "నువ్వు వాడికి ఏం కావాలనుకుంటున్నావో ఎప్పుడైనా కూర్చోబెట్టి చెప్పావా?" అని అడిగాం. చాలాసేపు మాట్లాడలేదు. "వద్దని చెప్పడమే తెలుసు అయ్యగారూ" అన్నాడు.

బీరువా తెరిచి చూస్తే బంతిలో గాలి సగం పోయింది. సైకిల్ షాపుకు పంపి గాలి కొట్టించి ఉంచాం. ఈ ఆదివారం ఆరాధన అయ్యాక తండ్రీకొడుకులిద్దరూ వస్తామన్నారు.