10-1 నుంచి సెమీఫైనల్ దాకా: రహీం సాబ్ ఏం చేశారు?

1952 హెల్సింకీ ఒలింపిక్స్‌లో యుగోస్లావియా మన ఫుట్‌బాల్ జట్టును 10-1తో చిత్తు చేసింది. నాలుగేళ్లు తిరిగేసరికి మెల్‌బోర్న్‌లో మనవాళ్లు సెమీఫైనల్ ఆడారు. రెండుసార్లూ కోచ్ ఒక్కరే, హైదరాబాద్ బడిపంతులు సయ్యద్ అబ్దుల్ రహీం. ఈ మధ్యలో ఏం మారింది?

చాలామంది బూట్లంటారు. హెల్సింకీ చలిలో మనవాళ్లు చాలామంది ఉత్తి కాళ్లతోనే ఆడారు. ఆ ఓటమి తర్వాతే బూట్లు తప్పనిసరయ్యాయి. కానీ బంతి ఎవరికి అందించాలో బూట్లు చెప్పవు కదా.

అదృష్టమనే వాదమూ ఉంది. మెల్‌బోర్న్‌లో మొదటి మ్యాచ్ హంగరీతో ఆడాలి. వాళ్లు తప్పుకోవడంతో మనకు నేరుగా క్వార్టర్ ఫైనల్ దక్కింది. అక్కడ నెవిల్ డిసౌజా హ్యాట్రిక్‌తో ఆస్ట్రేలియాను 4-2తో ఓడించాం. సెమీస్‌లో ఎదురైంది మళ్లీ యుగోస్లావియాయే! సగం ఆట అయ్యేసరికి 0-0. విరామం తర్వాత మొదటి గోలు కొట్టింది కూడా మనమే, మళ్లీ డిసౌజాయే. చివరికి 4-1తో ఓడాం. అదే ప్రత్యర్థి మీద ఇంత తేడా రావడం అదృష్టం వల్ల అయ్యే పని కాదు.

అసలు ఆధారం హైదరాబాద్‌లో దొరుకుతుంది. రహీం సాబ్ 1943 నుంచి సిటీ పోలీస్ జట్టుకు శిక్షణ ఇచ్చారు. ఆ జట్టు 1950 నుంచి 1954 వరకు వరసగా ఐదుసార్లు రోవర్స్ కప్ గెలిచింది. కుర్రాళ్ల కోసం ఆయన వింత పోటీలు పెట్టేవారు. ఒకదానిలో డ్రిబ్లింగ్ నిషేధం. ఇంకోదానిలో వాటం లేని కాలితోనే బంతి తన్నాలి. నా మటుకు చిక్కుముడి ఇక్కడే విడిపోతుంది. డ్రిబ్లింగ్ మానిపిస్తే ఆటగాడు తలెత్తి తోటివాడు ఎక్కడున్నాడో చూడక తప్పదు. రెండు కాళ్లూ కుదిరినవాడు బంతిని వాటమైన కాలికి మార్చుకుంటూ కూర్చోడు. ఆ మిగిలిన క్షణమే ఐరోపా జట్ల వేగానికి జవాబు. నూర్ మహమ్మద్, అజీజుద్దీన్, తులసీదాస్ బలరాం జంటనగరాల మైదానాల నుంచి మెల్‌బోర్న్ వెళ్లినవాళ్లే.

ఆ తరువాతి సాక్ష్యం 1962 జకార్తా ఆసియా క్రీడలది. డిఫెండర్ జర్నైల్ సింగ్ తల పగిలి కుట్లు పడ్డాయి. రహీం సాబ్ ఆయన్ని పక్కన పెట్టలేదు, సెంటర్ ఫార్వర్డ్‌గా ముందుకు పంపారు. తొలి మ్యాచ్‌లో మనల్ని 2-0తో ఓడించిన దక్షిణ కొరియాను ఫైనల్లో 2-1తో గెలిచాం. ఒక గోలు పీకే బెనర్జీది, రెండోది జర్నైల్‌ది.

అప్పటికే రహీం సాబ్‌కు ఊపిరితిత్తుల క్యాన్సర్. 1963 జూన్ 11న కన్నుమూశారు. ఆసియా క్రీడల ఫుట్‌బాల్ స్వర్ణం మనకు మళ్లీ రాలేదు.