సినిమాకు ముందు కనిపించిన దేశం

"న్యూస్ రీల్ అయిపోయిందా?" ఆలస్యంగా వచ్చినవాళ్లు గేటు దగ్గర టికెట్లు చింపే మనిషిని అడిగే మాట ఒకప్పుడు ఇదే. లోపల తెర మీద ఎక్కడో ఆనకట్ట లేస్తుండేది, ఇంకెక్కడో వరద ముంచిన ఊరు కనిపించేది.

ఆ రీలు పుట్టింది మాత్రం యుద్ధం కోసం. రెండో ప్రపంచ యుద్ధం నడుస్తుండగా, 1943లో బ్రిటిష్ ప్రభుత్వం 'ఇన్ఫర్మేషన్ ఫిల్మ్స్ ఆఫ్ ఇండియా' పెట్టింది. దాని చిత్రాలు ప్రతి హాలూ వేసి తీరాలని హుకుం జారీ చేసింది. యుద్ధం ముగిశాక, 1946లో కేంద్ర శాసనసభ నిధులు ఆపేయడంతో అది మూతపడింది. అలా 1947 ఆగస్టులో స్వాతంత్ర్యం వచ్చిన రాత్రిని పట్టుకోవడానికి ప్రభుత్వానికి సొంత చిత్ర విభాగమే లేకపోయింది! ఆ లోటు తలుచుకుంటే ఇప్పటికీ బాధేస్తుంది.

1948లో బొంబాయిలో ఫిలిమ్స్ డివిజన్ మొదలైంది. తెల్లవాళ్లు పెట్టిన నిర్బంధాన్ని మనవాళ్లు వదల్లేదు. చిత్రం వేయాలి, అద్దె కూడా హాలువాళ్లే కట్టాలి. నాకిది మింగుడుపడదు. అయితే 1951లో నూటికి 18 మందికే చదువొచ్చు. పేపరు చదవలేని మనిషికి భాక్రా ఆనకట్టను, నాగా కొండలను చూపించింది ఆ తెరే.

బొమ్మ ఒకటే, గొంతులు డజనుకు పైగా. తెలుగు హాల్లో తెలుగు వ్యాఖ్యానం, పక్క రాష్ట్రంలో వాళ్ల భాష. ఈ పద్ధతిలోనే ఒక చిక్కుంది. తెర మీద మనిషి నోరు మెదిపితే అన్ని భాషలకూ అతకడం కష్టం. అందుకే రైతు దున్నుతుండేవాడు, అతని గురించి మాట్లాడేది మాత్రం కనిపించని వ్యాఖ్యాత.

1960ల నడుమ ఫిలిమ్స్ డివిజన్‌కు భౌనగరి అనే ఆయన సలహాదారుగా వచ్చాక కుర్ర దర్శకులకు ఊపిరాడింది. వాళ్లలో ఒకడైన సుఖదేవ్ 'ఇండియా 67' అసలు వ్యాఖ్యానమే లేకుండా తీశాడు. అదే ఏడాది ఎస్.ఎన్.ఎస్. శాస్త్రి 'ఐ యామ్ 20' తీశాడు. స్వాతంత్ర్యంతో పాటు పుట్టిన పిల్లల్ని వెతికి, వాళ్ల ముందు మైకు పెట్టాడు. రైల్లో వెళ్తున్న ఒక కుర్రాడు కాగితాలు, కెమెరా, టేప్ రికార్డరు పట్టుకుని దేశమంతా తిరగాలని ఉందంటాడు, కళ్లు మెరుస్తుండగా. మరొకడు ఈ దేశం మీద తనకు ప్రేమేమీ లేదని నెమ్మదిగా, మొహం తిప్పుకోకుండా చెబుతాడు. సర్కారు సొమ్ముతో తీసిన చిత్రంలో ఆ మాటను ఎవరూ కత్తిరించలేదు.