గృహఋణమున వడ్డి: ధర్మశాస్త్రము నుండి భివండీ వరకు

తెలుగువారి లోకవ్యవహారమున వడ్డిని నెలకు నూటికి ఇంత అని చెప్పుట వాడుక. రూపాయి వడ్డి, రూపాయి పావలా వడ్డి, రెండు రూపాయల వడ్డి అను మాటలు ఊరిలోని షావుకారు నోటను, భివండీ మగ్గముల షెడ్డులోని కార్మికుని నోటను ఒక్క తీరుననే వినవచ్చును. ఈ లెక్కలో రెండు రూపాయల వడ్డి యనగా సంవత్సరమునకు నూటికి 24. బ్యాంకు నూటికి 9 వంతున ఇచ్చు గృహఋణము ముప్పావలా వడ్డి యగును. ముప్పావలా యన్న మాట వినుటకు ఎంతయో తేలికగా నుండును. కాని ఈ వాడుకలో ధర యున్నదే కాని కాలము లేదు. ఇంటి తనఖాలో అసలైన ఖరీదు దాగియున్నది ఆ కాలముననే. ఈ సంగతిని మన పూర్వులు ఎంతవరకు గుర్తించిరి, ఎచట విడిచిరి యను విషయమును పరిశీలించుట ఈ వ్యాసమున ఉద్దేశము.

యాజ్ఞవల్క్యస్మృతి తాకట్టు గల అప్పుపై అసలులో ఎనుబదవ వంతును నెలవడ్డిగా విధించినది. అది నూటికి నెలకు రూపాయి పావలా, ఏటికి 15. తాకట్టు లేని అప్పునకు వర్ణానుసారముగా నూటికి 2 మొదలు 5 వరకు చెప్పబడినది. అడవుల మీదుగా పయనించు వర్తకునకు 10, సముద్రయానము చేయువానికి 20. అపాయము పెరిగినకొలది వడ్డి పెరుగవలెనను నేటి బ్యాంకుల సూత్రము ఇందు స్పష్టముగా నున్నది. పూచీ చూపలేని పేదవాడు ఎక్కువ వడ్డి చెల్లించుటయు అంత పాతదే.

ఎనుబదవ వంతు లెక్కన వడ్డి పేరుకొనిన యెడల సరిగా 80 నెలలకు, అనగా 6 సంవత్సరముల 8 నెలలకు, వడ్డి అసలుతో సమానమగును. అంతకు మించి ఒక్కసారిగా వసూలు చేయరాదని మనుస్మృతి శాసించినది. ద్వైగుణ్యమను ఈ నియమమే తరువాత మహారాష్ట్ర దేశమున దామ్‌దుపట్ అను పేర ప్రసిద్ధమైనది. తాకట్టు విషయమున యాజ్ఞవల్క్యుడు మరింత కఠినుడు. సొమ్ము రెట్టింపగు లోపల విడిపించుకొనని కుదువ ఋణదాతకు చెందునని అతని మతము. ఫలమును అనుభవించుటకై పెట్టిన భోగ్యాధి మాత్రము ఎన్నటికిని నశింపదు.

ఈ స్మృతికి మితాక్షర యను వ్యాఖ్య రచించిన విజ్ఞానేశ్వరుడు చాళుక్య విక్రమాదిత్యుని కాలమున కల్యాణ నగరమున నుండెను. అది నేటి బసవకల్యాణమే కాని భివండీ ప్రక్కనున్న కల్యాణ్ కాదు. పేరును బట్టి మనవారు పొరబడుట కలదు. 13వ శతాబ్దిలో మూలఘటిక కేతన ఈ ధర్మశాస్త్రమును విజ్ఞానేశ్వరమను పేర తెలుగు పద్యములలోనికి తెచ్చెను. తిక్కన కాలపు తెలుగువానికి అప్పుల న్యాయము తన భాషలోనే లభించినదన్న మాట.

మితాక్షరలో నేటి గృహఋణమునకు మిక్కిలి సన్నిహితమైన సూక్ష్మము ఒకటి కలదు. ద్వైగుణ్య నియమము వడ్డిని ఒక్కసారిగా పుచ్చుకొనునప్పుడే వర్తించును. దినదినమును గాని నెలనెలయు గాని వడ్డిని పుచ్చుకొనుచుండినచో మొత్తము అసలునకు రెట్టింపు దాటినను దోషము లేదు. పేరుకొనిన బాకీ ఋణగ్రస్తుని కూల్చకుండుటకే కట్టడి చేసిరి గాని, ఏండ్ల తరబడి కొంచెము కొంచెముగా పోవుదానికి హద్దు పెట్టలేదు. నేటి నెలసరి వాయిదా ఈ ద్వారముననే నడచుచున్నది.

ఆంగ్లేయుల కాలమున తనఖాకు ముఖ్యాధారమైనది 1882 నాటి ఆస్తి బదిలీ చట్టము. బాకీ తీర్చి ఆస్తిని విడిపించుకొను హక్కును అది ఋణగ్రస్తునకు స్థిరపరచినది. గడువు దాటినంతనే కుదువ పోవునను పాత కాఠిన్యము దీనితో సడలినది. అంతకు ఏడేండ్ల పూర్వము, 1875 మే 12న, పూనా జిల్లా సూపే గ్రామమున రైతులు షావుకార్లపై తిరుగబడి ఋణపత్రములను తగులబెట్టిరి. సంచులలోని ధాన్యము కంటె పెట్టెలలోని పత్రములపైననే వారి దృష్టి యుండుట గమనింపదగినది. దాని ఫలితముగా 1879లో వచ్చిన దక్కను వ్యవసాయదారుల సహాయ చట్టము, పత్రమున వ్రాసిన మొత్తముతో తృప్తి పడక అప్పు పుట్టుక నుండి లెక్క తీయు అధికారమును న్యాయస్థానములకు ఇచ్చినది.

దామ్‌దుపట్ బొంబాయి రాజధానిలో హిందూ ఋణగ్రస్తులకు అమలులో నుండెను. ఠాణా జిల్లాలోని భివండీ ఆ రాజధానిలోనిదే. మద్రాసు రాజధానిలోని ఆంధ్రులకు సామాన్యముగా ఆ రక్షణ లభింపలేదు. అయినను 1938లో రాజగోపాలాచారి మంత్రివర్గము తెచ్చిన మద్రాసు వ్యవసాయదారుల ఋణవిమోచన చట్టము పాత అప్పుల విషయమున దామ్‌దుపట్‌ను మించిపోయినది. అసలు క్రింద గాని వడ్డి క్రింద గాని రైతు అంతవరకు చెల్లించినదంతయు కలిపి అసలునకు రెట్టింపైనచో ఆ ఋణము పూర్తిగా తీరినట్లే. మితాక్షర విడిచిన ద్వారమును ఈ చట్టము మూసినది. ఇది రైతులకు మాత్రమే, అదియు 1932 అక్టోబరుకు పూర్వపు అప్పులకు మాత్రమే వర్తించెను. మగ్గము పట్టినవానికి ఇందు పాలు లేదు.

తెలంగాణమున పరిస్థితి వేరు. నిజాం రాజ్యమున నాగు పేర ధాన్యమును అప్పిచ్చి పంట రాగానే హెచ్చు ధాన్యమును కొలుచుకొనెడివారు. నేలలు కుదువలోనికి పోవుచుండెను. చేనేతకు ఆదరణ తగ్గిన కొలది కరీంనగరము, వరంగల్లు, నల్లగొండ ప్రాంతముల పద్మశాలీలు షోలాపురము, బొంబాయి, భివండీలకు తరలిరి. భివండీలో ఉత్తర హిందూస్థానము నుండి వచ్చిన మోమిన్ నేతగాండ్రు అంతకు ముందే స్థిరపడి యుండిరి. మరమగ్గములు వ్యాపించిన పిమ్మట తెలుగువారి సంఖ్యయు పెరిగినది. 2011 జనగణనమున ఈ పట్టణపు జనసంఖ్య 7 లక్షలు దాటినది. గైబీ నగర్ వంటి పేటలలో షెడ్లును నివాసములును ఒకదానినొకటి ఆనుకొని యుండును. మగ్గముల చప్పుడు గోడకు ఆవల నుండి రేయింబవళ్లు వినబడుచునే యుండును.

ఈ ప్రాంతమున ఇల్లు సంపాదించుటకు ముందు పలువురు ఎక్కు మెట్టు హెవీ డిపాజిట్టు. యజమానికి పెద్దమొత్తము ముట్టజెప్పి, అద్దె లేక, లేదా నామమాత్రపు అద్దెతో నివసించి, విడిచిపోవునప్పుడు అంతయే సొమ్మును తిరిగి పుచ్చుకొందురు. పేరు క్రొత్తది గాని పోలికలో ఇది స్మృతులు చెప్పిన భోగ్యాధియే. సొమ్మునకు వడ్డి లేదు, ఇంటికి అద్దె లేదు. సొంత సొమ్మైనచో పెద్ద నష్టము లేదు. 3 లక్షల డిపాజిట్టును రెండు రూపాయల వడ్డికి తెచ్చి యిచ్చినవాడు మాత్రము నెలకు 6,000 రూపాయల అద్దెను షావుకారునకు చెల్లించుచున్నాడన్న మాట.

ఇక బ్యాంకు ఋణము. 1915లో బొంబాయి గామ్‌దేవిలో సారస్వతులు సహకార గృహసంఘమును స్థాపించిరి. మధ్యతరగతివారు కలసి ఇండ్లు కట్టుకొనుటకు అది మార్గము చూపినది. 1977లో హెచ్.టి. పారేఖ్ గృహఋణములకే ప్రత్యేకించిన హెచ్.డి.ఎఫ్.సి. సంస్థను నెలకొల్పిన పిమ్మట నెలసరి సమాన వాయిదా సామాన్య గృహస్థునకు పరిచితమైనది. ఈ వాయిదా నిర్మాణమును లెక్కతో చూడవలెను.

10 లక్షల రూపాయలను నూటికి 9 వంతున 20 ఏండ్లకు తెచ్చినచో నెలసరి వాయిదా 8,997 రూపాయలు. మొదటి నెల వాయిదాలో 7,500 వడ్డికి పోగా అసలునకు చేరునది 1,497 మాత్రమే. 10 ఏండ్లు తప్పక చెల్లించిన పిదపను 7 లక్షల 10 వేల చిల్లర అసలు మిగిలియుండును. సగము కాలము గడచినను అప్పులో మూడవ వంతైనను తీరదు. కడకు చెల్లించు మొత్తము సుమారు 21 లక్షల 59 వేలు; అందు వడ్డియే 11 లక్షల 59 వేలు. 1938 నాటి చట్టపు కొలతను దీనికి పట్టించి చూచినచో 223వ వాయిదాతో అప్పు తీరిపోవలెను. తక్కిన 17 వాయిదాలు ఆ కొలతకు వెలుపల పడును.

ఇదే అప్పును 10 ఏండ్లలో తీర్చినచో వాయిదా 12,668. వడ్డి 5 లక్షల 20 వేలు. 30 ఏండ్లకు పొడిగించినచో వాయిదా 8,046. వడ్డి 18 లక్షల 97 వేలు. 20 నుండి 30కి పోయినందువలన నెలకు మిగులునది 951 రూపాయలు. అధికముగా చెల్లించునది 7 లక్షల 37 వేలు. ఏడాదికొక వాయిదాను అధికముగా కట్టగలిగినవాని 20 ఏండ్ల అప్పు సుమారు మూడున్నర యేండ్లు ముందే తీరి, 2 లక్షలకు పైగా మిగులును. మారుడు వడ్డి గల వ్యక్తిగత గృహఋణములను ముందుగా తీర్చినందుకు బ్యాంకులు జరిమానా వేయరాదని రిజర్వు బ్యాంకు 2012లోనే ఆదేశించినది. దీపావళి బోనసు చేతికి వచ్చిన నెలలో ఈ ఆదేశము జ్ఞాపకముంచుకొనదగినది.

రెండు రూపాయల వడ్డికి నాలుగేండ్లు అసలు తీర్చక యుండినను మొత్తము వడ్డి నూటికి 96. ముప్పావలా వడ్డికి 20 ఏండ్లలో పోవునది నూటికి 116. షావుకారే మేలని దీని యర్థము కాదు. బ్యాంకు సొమ్ము అయిదు రెట్ల కాలము వాడుకలో నుండును. ఆ కాలమున అద్దె మిగులును, ఇంటి వెల పెరుగవచ్చును, నేటి రూపాయికిని ఇరువదేండ్ల తరువాతి రూపాయికిని విలువ ఒక్కటి కాదు. కావున వడ్డి యంతయు నష్టమనుట అతిశయోక్తి. అయినను నెలకు ఎంత యని మాత్రమే అడిగి, ఎన్ని నెలలని అడుగనివాడు సగము బేరమే చేసినవాడు.

మారుడు వడ్డిలో కాలము ఇంకొక విధముగా పెరుగును. 2022 మే నెలకు ముందు 4గా నున్న రిజర్వు బ్యాంకు రెపో రేటు 2023 ఫిబ్రవరికి 6.5 అయినది. 7 వంతున 20 ఏండ్లకు తెచ్చిన క్రొత్త అప్పునకు, 10 లక్షలకు వాయిదా 7,753. రేటు 9 అయినను వాయిదాను మార్చకున్నచో ఆ అప్పు తీరుటకు 458 నెలలు, అనగా 38 ఏండ్లు దాటును. ముప్పదియైదవ యేట సంతకము చేసినవానికి డెబ్బదిమూడేండ్లు రావలెను. రేటు 9.5 అయినచో నెలవడ్డియే 7,917 అగును గనుక ఆ వాయిదాతో అప్పు ఎన్నటికిని తీరదు. గడువులు ఇట్లు చెప్పకయే పెరుగుచున్నవను ఫిర్యాదులపై రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టులో ఆదేశములిచ్చినది: రేటు మారినప్పుడు ఆ ఫలితమును ఋణగ్రస్తునకు తెలుపవలెను; వాయిదా పెంచుకొనుటయా, గడువు పెంచుకొనుటయా యను ఎంపిక అతనికి విడువవలెను. తెలుపుట యనగా ఒక కాగితము వచ్చుట. అది ఇంగ్లీషుననో మరాఠీననో యుండును. తెలుగు బడిలో చదివిన కుటుంబములలో దానిని చదివి లెక్క వేయువారు ఉండవలెను గదా.

మరమగ్గపు కార్మికునకు కూలి నేసిన గుడ్డను బట్టి వచ్చును. నూలు ధర హెచ్చి షెడ్డు మూతబడిన నెలలలో కూలి యుండదు, వాయిదా మాత్రము ఉండును. 90 దినములు చెల్లింపు తప్పినచో ఖాతా మొండిబాకీ యగును. 2002 నాటి సర్ఫాయెసీ చట్టము ప్రకారము 60 దినముల నోటీసు పిమ్మట, లక్ష రూపాయలు మించిన బాకీకి, దావాతో పని లేకయే ఇంటిని స్వాధీనము చేసికొనవచ్చును. వడ్డి హెచ్చని న్యాయస్థానములు బ్యాంకు లెక్కను తిరగదోడుటకు వీలు లేదని 1984 నుండి చట్టమే చెప్పుచున్నది. 1879 నాటి రైతునకు దొరికిన లెక్క తీయించుకొను హక్కు ఇచట పనికిరాదు. జీతపు చీటీ చూపలేనివానికి పెద్ద బ్యాంకులు సులభముగా అప్పీయవు. చిన్న గృహఋణ సంస్థలు ఇచ్చునది హెచ్చు వడ్డికి.

భివండీలో మరియొక లెక్క కలదు. 30 ఏండ్ల అప్పునకు 30 ఏండ్లు నిలుచు ఇల్లు కావలెను. 2016 జూలై 31న గైబీ నగర్‌లో ఒక శిథిల భవనము కూలి ప్రాణనష్టము కలిగినది. 2020 సెప్టెంబరు 21న పటేల్ కాంపౌండులోని జీలానీ భవనము రాత్రివేళ కూలి ముప్పదిమందికి పైగా మరణించిరి. అనుమతి లేని కట్టడములపై బ్యాంకు తనఖా దొరకుట కష్టము. కొనువారు నోటరీ కాగితముపై, చేబదులుతో, చీటీ పాటతో కొందురు. అట్టి ఇల్లు కూలినచో గోడలతోబాటు హక్కునకు ఆధారమును సందేహములో పడును. అప్పు మాత్రము అట్లే నిలుచును. బ్యాంకు తనఖా వడ్డి హెచ్చుగా తోచినను, అప్పీయక ముందు కట్టడపు అనుమతిని, స్థలపు హక్కును పరిశీలించుట దానిలోని మేలు. ఆ పరిశీలనకు అయిన రుసుమును ఎవ్వరును వృథా యనరాదు.

షోలాపురమున తెలుగు బీడీ కార్మికులు వేరొక త్రోవ త్రొక్కిరి. నరసయ్య ఆడం నాయకత్వమున గోదూతాయి పరులేకర్ పేర ఏర్పడిన సహకార సంఘము కుంభారిలో 10,000 ఇండ్లు కట్టించినది. అవి 2006 సెప్టెంబరు 1న ప్రధాని మన్మోహన్ సింగ్ చేతులమీదుగా కార్మికులకు అందినవి. రే నగర్‌లో మరి 15,000 ఇండ్లను 2024 జనవరి 19న ప్రధాని నరేంద్ర మోదీ అందజేసిరి. ప్రభుత్వముల సహాయము కలిసివచ్చుటచే కార్మికుని అప్పు చిన్నదైనది, కాలమును తగ్గినది. భివండీ నేతగాండ్రలో ఇంతటి సంఘబలము ఇంకను కూడలేదు.

బాకీ పూర్తిగా తీరిన పిమ్మట 30 దినముల లోపల ఇంటి మూలపత్రములను తిరిగి యీయవలెనని, ఋణదాత వలన ఆలస్యమైనచో దినమునకు 5,000 రూపాయల పరిహారము చెల్లించవలెనని, 2023 డిసెంబరు 1 నుండి అమలునకు వచ్చునట్లు రిజర్వు బ్యాంకు ఆదేశించినది. పత్రములు చేతికి వచ్చినను ఇంకొక పని మిగిలియుండును. గృహసంఘపు పుస్తకమునందు సభ్యుని పేరునకెదురుగా వ్రాయబడిన బ్యాంకు హక్కును, బాకీ లేదను పత్రము చూపి కొట్టివేయించుకొనవలెను.