భారతదేశంలో ఫిట్‌నెస్ పరిశ్రమ

జిమ్‌లు, యోగా కేంద్రాలు, వ్యక్తిగత శిక్షకులు, వ్యాయామ పరికరాల తయారీదారులు, ఫిట్‌నెస్ యాప్‌లు కలిసిన వ్యాపార రంగం ఇది. దేహసాధన మన దేశంలో చాలా పాతది. రుసుము కట్టి సాధన చేసే పద్ధతి మాత్రం ఇరవయ్యో శతాబ్దంలో మొదలై, 2000 తర్వాతే బలపడింది.

తాలింఖానాల కాలం

వ్యాయామశాలలైన తాలింఖానాల్లో, ఉత్తరాది అఖాడాల్లో కుర్రాళ్లు దండీలు, బస్కీలు తీసి, గద తిప్పి, కుస్తీ నేర్చేవారు. ఖర్చు సంస్థానాధీశులో ఊరి పెద్దలో భరించేవారు. బలాన్నే బతుకుదెరువు చేసుకోవాలంటే ప్రదర్శనలే దారి. విజయనగరంలో వ్యాయామం నేర్పిన కోడి రామ్మూర్తి నాయుడు సర్కస్ కంపెనీతోనే దేశమంతటా పేరు తెచ్చుకున్నాడు. బెంగళూరులో కె.వి. అయ్యర్ మరో దారి పట్టాడు. వ్యాయామశాల నడుపుతూనే తపాలా ద్వారా పాఠాలు పంపేవాడు. నేటి ఆన్‌లైన్ తరగతులకు ఇదొక తొలి రూపం అనడం సబబు. ముంబైలో 1918లో యోగా ఇన్‌స్టిట్యూట్, లోనావ్లాలో 1924లో కైవల్యధామ ఏర్పడ్డాయి. మనోతోష్ రాయ్ (1951), మనోహర్ ఐచ్ (1952) తమ విభాగాల్లో మిస్టర్ యూనివర్స్ బిరుదులు గెలవడంతో కండల సాధనకు గౌరవం పెరిగింది.

వ్యాపారంగా

తల్వాల్కర్ కుటుంబ జిమ్‌ల మూలాలు 1932 నాటివి. 1991 ఆర్థిక సంస్కరణల తర్వాత నగరాల్లో జీతాలు పెరిగాయి, కూర్చుని చేసే ఉద్యోగాలూ పెరిగాయి. 2002లో గోల్డ్స్ జిమ్ దేశంలో అడుగుపెట్టింది. సినిమా పాత్రా తక్కువది కాదు. తెలుగులో ‘దేశముదురు’, హిందీలో ‘ఓం శాంతి ఓం’ రెండూ 2007లోనే వచ్చి, సిక్స్‌ప్యాక్ మోజును చిన్న పట్టణాల దాకా చేర్చాయి.

జిమ్ ఖర్చుల్లో పెద్దవి అద్దె, యంత్రాల మీది అప్పు వాయిదాలు, కరెంటు బిల్లు, శిక్షకుల జీతాలు. సభ్యులు వచ్చినా రాకపోయినా ఇవి తగ్గవు. అందుకే యజమానులు రాయితీ ఇచ్చి ఏడాది రుసుము ముందే తీసుకుంటారు. జనవరిలో చేరినవారిలో చాలామంది కొన్ని నెలలకే మానేస్తారు. చేరినవారంతా రోజూ ఒకే వేళకు వస్తే ఏ జిమ్‌లోనూ చోటు చాలదు. ముందుగా వచ్చిన ఆ డబ్బు నిజానికి ఇంకా చేయాల్సిన సేవకు బాకీ. దాన్ని లాభంగా లెక్కేసి రెండో శాఖ తెరిస్తే, చేరికలు తగ్గిన ఏడాది రెండూ కుదేలవుతాయి. ఈ రంగానికి అసలు కొలత కొత్త సభ్యుల సంఖ్య కాదు, గడువు తీరాక మళ్లీ కట్టేవారి సంఖ్య.

2010లో స్టాక్ మార్కెట్లో నమోదైన తల్వాల్కర్స్ సంస్థ 2019లో బాకీలు తీర్చలేక కుప్పకూలింది. మరుసటి ఏడాది కరోనా లాక్‌డౌన్‌తో మూతపడిన జిమ్‌లకు ఆగస్టు 5న గాని కేంద్రం అనుమతి దొరకలేదు. బెంగళూరులో పుట్టిన ఫిట్‌నెస్ సంస్థ కల్ట్ అప్పటికి తరగతులను ఫోన్‌లోకి మార్చింది. 2021లో టాటా డిజిటల్ పెట్టుబడి పొంది, 2022లో గోల్డ్స్ జిమ్ భారత వ్యాపారంలో మెజారిటీ వాటా కొన్నది.

వృద్ధి అవకాశాలు

2023లో వెలువడిన భారత వైద్య పరిశోధన మండలి (ఐసీఎంఆర్) అధ్యయనం ప్రకారం దేశంలో మధుమేహులు సుమారు 10.1 కోట్లు. 2022లో భారత వయోజనుల్లో దాదాపు సగం మందికి చాలినంత శారీరక శ్రమ లేదని లాన్సెట్ గ్లోబల్ హెల్త్ పత్రిక 2024లో వెల్లడించింది. స్త్రీలలో ఇది 57 శాతం. అయితే రోగుల సంఖ్యను ఖాతాదారుల సంఖ్యగా చదవడం పొరపాటు. స్త్రీలకు అనువైన వేళలు, మహిళా శిక్షకులు, ఇంటికి దగ్గరి చోటు ఉంటే తప్ప ఆ 57 శాతంలో ఎక్కువమంది గడప దాటలేరు. శిక్షకులకు దేశవ్యాప్తంగా తప్పనిసరి లైసెన్సు లేకపోవడం మరో లోటు. మోకాళ్ల నొప్పులో రక్తపోటో ఉన్న నడివయసువారికి ఇది ప్రమాదకరం కూడా.

జిమ్ సేవలపై జీఎస్టీ 2025 సెప్టెంబరు 22 నుంచి 18 శాతం నుంచి 5 శాతానికి తగ్గింది. అయితే యంత్రాలపై, అద్దెపై కట్టిన పన్నును మినహాయించుకునే వీలు పోయింది. ఉన్న పరికరాలతో నడిచే పాత జిమ్‌కు కలిసొచ్చినంతగా, కొత్త యంత్రాలు కొని తెరిచే జిమ్‌కు ఇది కలిసిరాదు.