ఐదు కప్పులు తెచ్చిన బడి సారు: 1950 హైదరాబాద్ ఫుట్‌బాల్ కథ

ఈ ఎపిసోడ్ మా మల్యాల నుంచే రికార్డు చేస్తున్న. వెనకాల పిల్లల క్రికెట్ లొల్లి వినబడితే ఏమనుకోకండి.

ముందుగా నా కథ. బీటెక్ సెకండియర్‌ల నేను మా కాలేజీ ఫుట్‌బాల్ టీంకు లెఫ్ట్ బ్యాక్. ఆ ఏడాది మా సీజన్ అంటే రెండే మ్యాచ్‌లు, రెండూ ఓడిపోయినం. మాలో ఎవనికి బాల్ దొరికినా వాడే గోల్ కొట్టాలని ఉరికేటోడు. ఇద్దరిని దాటేటోడు, మూడో వాని దగ్గర పోగొట్టేటోడు. అవతలోళ్లేమో బాల్ కాలికి తగలంగనే పక్కోనికి ఇచ్చేసేటోళ్లు. తిరిగి వచ్చేటప్పుడు బస్సులో గ్రౌండ్‌ను తిట్టినం, రిఫరీని తిట్టినం. మా ఆటను మాత్రం ఎవరం తిట్టుకోలే.

మా రోగానికి 1940లలోనే హైదరాబాద్‌లో ఒక బడి సారు మందు కనిపెట్టిండని నాకు చాలా ఏండ్ల తర్వాత తెలిసింది. ఆయనే సయ్యద్ అబ్దుల్ రహీం. 2024లో వచ్చిన 'మైదాన్' సినిమా చూసినోళ్లకు పేరు తెలుసు. అది ఇండియా టీం కథ. నేను చెప్పేది దాని కింది పునాది గురించి.

రహీం 1909లో హైదరాబాద్‌లో పుట్టారు. ఉస్మానియాలో చదువుకుంటూ యూనివర్సిటీ టీంకు ఆడారు. తర్వాత బడిలో టీచర్ అయ్యారు. 1943లో హైదరాబాద్ ఫుట్‌బాల్ అసోసియేషన్ సెక్రటరీ బాధ్యత తీసుకున్నారు. అప్పుడు ఆయన పెట్టించిన పోటీలు వింటే నవ్వొస్తది. ఒక పోటీలో డ్రిబ్లింగ్ బంద్, పాస్ ఇచ్చుడే. ఇంకోదాంట్లో ఏ కాలు చేతగాదో ఆ కాలితోనే ఆడాలి.

ఎందుకట్ల? కుడికాలే వచ్చినోనికి బాల్ ఎడమ పక్కకు వస్తే తిరిగి సర్దుకోవాలి. ఆ ఒక్క సెకండ్‌లో డిఫెండర్ మీదికి వచ్చేస్తడు. రెండు కాళ్లూ పనిచేస్తే ఆ సెకండ్ మిగులుతది. పదకొండు మందికీ మిగిలితే మ్యాచే మారుతది.

1950లో ఆయన హైదరాబాద్ సిటీ పోలీస్ టీంకు కోచ్ అయ్యారు. అప్పటి పరిస్థితి గుర్తు చేసుకోండి. హైదరాబాద్ సంస్థానం ఇండియాలో కలిసి రెండేండ్లే. తెలంగాణ సాయుధ పోరాటం ఇంకా ఆగలేదు, 1951 అక్టోబర్‌లో గాని విరమించలేదు. పల్లెల్లో పోలీస్ అన్న మాట వింటేనే జనం వణికే కాలం. అదే మాట జెర్సీ మీద వేసుకున్న టీం బొంబాయికి పోయి రోవర్స్ కప్ గెలిచింది. ఢిల్లీలో డ్యూరాండ్ కప్ ఫైనల్‌లో మోహన్ బగాన్‌తో మొదట 2-2 డ్రా, రీప్లేలో 1-0 గెలుపు. చరిత్రలో ఒకే మాటకు ఒకేసారి రెండు ముఖాలుంటయ్. ఒకటి చెప్పి ఇంకోటి దాచొద్దు.

ఇక రోవర్స్ కప్‌ను 1954 దాకా వరుసగా ఐదుసార్లు వదల్లేదు.

రహీం ఇండియా కోచ్ కూడా. 1952 హెల్సింకి ఒలింపిక్స్‌లో మనోళ్లు యుగోస్లావియా చేతిలో 10-1తో ఓడిపోయారు. చాలామంది కాళ్లకు బూట్లు కూడా లేవు. నాలుగేండ్లకు మెల్‌బోర్న్‌లో ఆస్ట్రేలియాను 4-2తో కొట్టి సెమీఫైనల్ చేరారు. మళ్లీ అదే యుగోస్లావియా. ఈసారి మొదటి గోల్ మనది, చివరికి 4-1తో ఓటమి. నాలుగో స్థానం. ఆ జట్టులో పీటర్ తంగరాజ్, అజీజుద్దీన్, నూర్ మహ్మద్, తులసీదాస్ బలరాం అందరూ జంటనగరాల గ్రౌండ్లలో పెరిగినోళ్లే. 1962లో జకార్తా ఏషియన్ గేమ్స్ ఫైనల్‌లో దక్షిణ కొరియాపై 2-1తో స్వర్ణం. అప్పటికే ఆయనకు క్యాన్సర్. 1963 జూన్‌లో పోయారు.

1965-66లో సంతోష్ ట్రోఫీ ఆంధ్రప్రదేశ్‌కు వచ్చింది. ఆ తర్వాత అటు ఆంధ్రకు గాని ఇటు తెలంగాణకు గాని మళ్లీ రాలే. హైదరాబాద్ ఎఫ్‌సీ 2022లో ఐఎస్‌ఎల్ గెలిస్తే మస్తు సంబరపడ్డం. 2025లో ఆ క్లబ్బే ఢిల్లీకి పోయింది. పైసలతోని తెచ్చుకున్న టీం పైసలు అయిపోతే పోతది. రహీం సారు మొదలుపెట్టింది పిల్లల కాళ్ల నుంచి. కానీ ఆ పని పట్టుకొని నడిపేటోళ్లు ఆయన తర్వాత తగినంతమంది రాలే. నాకు బాధైతది ఇక్కడే.

మా రెండు మ్యాచ్‌లు గ్రౌండ్ వల్ల పోలేదు. అంతకు పదేండ్ల ముందు, బడిలో ఉన్నప్పుడే పోయినయ్. మాకెవరూ పాస్ నేర్పలే.

మొన్న ఆదివారం మా గల్లీ పిల్లలతోటి ఎడమకాలి మ్యాచ్ పెట్టిన. పది నిమిషాలు బాల్ ఎటుపోతుందో ఎవనికీ తెల్వదు, ఒకటే నవ్వుడు. అర్ధగంట అయినంక ఆరో తరగతి పిల్లగాడొకడు ఆగకుండ, తిరగకుండ, ఎడమకాలితోనే దోస్తుకు పాస్ ఇచ్చిండు. గోల్ కాలే. అయినా అందరం చప్పట్లు కొట్టినం.

మీ ఊళ్లె కూడా ఒకసారి పెట్టి చూడండి. ఏమైందో నాకు చెప్పండి. మళ్లీ కలుద్దాం, ఉంటా.